టమాటా డబ్బాకు తొమ్మిదికి తొమ్మిది

2022. మామిడి సీజన్ ముగిసి, మదనపల్లె మండీలో టమాటా దండిగా దిగుతున్న రోజులు. మదనపల్లె నుంచి పుంగనూరు పోయే దారిలో ఉన్న ఒక గుజ్జు ఫ్యాక్టరీలో నేను క్వాలిటీ ఇన్‌ఛార్జిని. మామిడి, జామ, టమాటా, ఏ గుజ్జయినా తీపీ పులుపూ కొలిచి, రుచి చూసి, సరే పోనివ్వండని సంతకం పెట్టేది నేనే. అప్పటికి పద్నాలుగేళ్లుగా అదే పని. మా ఇంట్లో తాగేవాళ్లు ఎవరూ లేరు. బస్సులో పక్కన ఎవరైనా తాగినవాడు నిలబడితే చీర కొంగు ముక్కుకు అడ్డం పెట్టుకునేదాన్ని. అలాంటి నా బల్ల మీదికి ఆ ఏడాది మద్యం డబ్బాలు వచ్చిపడ్డాయి.

బెంగళూరు కంపెనీ ఒకటి రెడీ టు డ్రింక్ సరుకు తయారు చేస్తోంది. అంటే గ్లాసులో ఏదీ కలుపుకునే పని లేకుండా, మూత లాగి నేరుగా తాగే డబ్బా. చవక రకాల్లో ఏదో ఒక స్పిరిట్‌లో ఎసెన్సూ రంగూ కలిపి వదిలేస్తారు. ప్రీమియం అనిపించుకోవాలంటే అసలైన వోడ్కా, అసలైన రసం ఉండాలి. వీళ్లు వోడ్కాలో మన టమాటా రసం కలపాలనుకున్నారు. కలిపి నింపేది కుప్పం దాటాక, సరిహద్దు అవతల లైసెన్సు ఉన్న యూనిట్‌లో. గుజ్జు మాది కాబట్టి రుచి తేల్చే పని మా ల్యాబ్‌కు అప్పగించారు. వారానికోసారి కుప్పం మీదుగా వ్యాన్ వచ్చి ట్రయల్ డబ్బాల పెట్టె దించిపోయేది.

ఇలాంటి డబ్బాను ఎలా పరీక్షిస్తారని చాలామంది అడుగుతారు. ముందు డబ్బానే చూస్తాం. అడుగు ఉబ్బిందా, అంచు మడత సరిగ్గా పడిందా అని. తర్వాత గాజు గ్లాసులో పోసి రంగు చూస్తాం, గుజ్జు అడుక్కు దిగిపోతోందేమో చూస్తాం. ఫ్రిజ్‌లోంచి తీసి వెంటనే రుచి చూడకూడదు. చల్లదనం తప్పులన్నీ దాచేస్తుంది. మొదటి వాసన చాలా ముఖ్యం, ముక్కులో గుచ్చుకుందంటే స్పిరిట్ నాసిరకం అన్నమాట. ఆ తర్వాత ఒక గుక్క నోట్లో పట్టి, నాలుక మీద తిప్పి, స్టీలు గిన్నెలో ఉమ్మెయ్యాలి. ఒక రకానికీ ఇంకో రకానికీ మధ్య నోరు పుక్కిలించడానికి నీళ్లు, నాలుగు బొరుగులు. ప్రతి గుణానికీ తొమ్మిదికి ఇన్ని అని మార్కులు వేస్తాం. అందులో ఒక గడి 'మద్యం ఘాటు, వాసన'. అస్సలు తెలియకపోతే తొమ్మిది.

దీనికి ఐదుగురితో ప్యానెల్ కావాలి. ప్యానెల్ అంటే రుచి చూసి మార్కులు వేసే బృందం. మూడు గిన్నెలు పెట్టి, రెండింట్లో ఒకే సరుకు, మూడోదాంట్లో వేరే సరుకు పోసి, వేరేది ఏదో కనుక్కోమంటాం. దాన్ని ట్రయాంగిల్ టెస్ట్ అంటారు. ఎంబీఏలు, బీటెక్‌లు తడబడ్డ చోట పన్నెండుకు పన్నెండు సార్లు కనిపెట్టినవాడు ఒక్కడే. కాయలు ఏరే గ్రేడింగ్ బెల్టు దగ్గర పనిచేసే రెడ్డెప్ప. రామసముద్రం దగ్గరి పల్లెటూరి మనిషి, నలభై దాటాయి. టమాటా కొరికి అది బోరు నీళ్లదా వాన నీళ్లదా అని చెప్పేవాడు. నాకు ఆ నాలుక దొరికిన సంబరం అంతా ఇంతా కాదు.

అయితే రెడ్డెప్ప తాగుడు మానేసి మూడేళ్లు. ఆ సంగతి ఫ్యాక్టరీలో అందరికీ తెలుసు. అంతకు ముందు ఒకసారి కడుపులో నీరు చేరి ఆసుపత్రిలో పడ్డాడు. లివరు సగం పోయింది, మళ్లీ మొదలుపెడితే మనిషి దక్కడని డాక్టరు చెప్పి పంపాడు. అప్పటినుంచి రోజూ సాయంత్రం ఆయన ఇంటికి వచ్చేసరికి భార్య నాగరత్న వాకిట్లో నిలబడి ఉంటుంది. నోరు తెరిపించి వాసన చూసి గానీ గడప తొక్కనివ్వదు. దీన్ని ఆయనే భోజనాల దగ్గర చెప్పి నవ్వించేవాడు.

"మీకు ఒగ ల్యాబే మేడమ్. నాకు ఇంటికాడ ఇంగో ల్యాబు ఉండాది. దాంట్లో మిషన్లు లేవు, ముక్కొకటే."

ప్యానెల్‌లోకి రమ్మంటే వెంటనే ఒప్పుకోలేదు. "ఉమ్మేసేదే అయితే వస్తా. కానీ మా ఆయమ్మకు మీరే ఒగ మాట జెప్పల్ల" అన్నాడు. ఆదివారం వాళ్ల ఊరికి వెళ్లాను. నాగరత్న బడిలో పిల్లలకు మధ్యాహ్నం వంట చేసే మనిషి. సన్నగా, చీర బిగించి కట్టుకుని, మాట్లాడేటప్పుడు ఎదుటివాళ్ల కళ్లలోకి చూస్తుంది. నేను ఉమ్మే పద్ధతంతా వివరించాను. నా ఎదురుగానే కూర్చుంటాడని, ఒక్క చుక్క లోపలికి పోనివ్వనని చెప్పాను.

ఆమె భర్త ముఖం వైపూ నా ముఖం వైపూ మార్చి మార్చి చూసింది. చివరికి, "మగోళ్లు జెప్పింటే నమ్మనమ్మా. ఆడమనిషివి, నువ్వు జెప్తాండావు. నీ మాట మింద పంపిస్తాండా" అంది. రెడ్డెప్ప పక్కన నిలబడి బడి జట్టుకు ఎంపికైన పిల్లాడిలా మురిసిపోయాడు. ఎవరూ ఆయన్ను దేనికీ ఎంపిక చేసి ఉండరు.

మొదటి నాలుగు ట్రయల్స్ ఘోరంగా వచ్చాయి. టమాటా ఒకవైపు, వోడ్కా ఒకవైపు, అత్తాకోడళ్లలా దేని దారి దానిది. మందు వాసన మొదటే ముక్కుకు కొట్టేది. ఘాటు గడిలో మూడు దాటలేదు. నేను నిమ్మరసం పెంచి చూశాను, చక్కెర తగ్గించి చూశాను. ఒకరోజు రెడ్డెప్ప తన క్యారియర్ గిన్నె తెచ్చి నా ముందు పెట్టాడు.

"ఇది మా ఇంట్లో చారు. ఒగసారి సూడండి మేడమ్. మిరియాలు, జీలకర్ర ఏంచి దంచేస్తాది. రొంత ఎండు మామిడికాయ పొడి ఏస్తాది. దీని ముందర ఏ వాసనా నిలబడదు."

తాగి చూశాను. నిజంగా గొప్ప చారు. ఆ పాళ్లు రాసుకుని, గ్రాముల్లోకి మార్చి, కుప్పం అవతలి యూనిట్‌కు పంపాను. తర్వాతి వారం వచ్చిన డబ్బాలు మూత తీస్తే చారు కాగుతున్న వంటింటి వాసన. కంపెనీ ప్రొడక్ట్ మేనేజర్ బెంగళూరు నుంచి స్వయంగా వచ్చి చూసి ఎగిరి గంతేసినంత పని చేశాడు. అయితే ఒక మెలిక పెట్టాడు. ఘాటు తెలిసేది గొంతులో, ఉమ్మేస్తే ఆ గడిలో మార్కు ఎలా వేస్తారు, చివరి గుక్క మింగి చూడాల్సిందే అన్నాడు. సాంకేతికంగా ఆయన మాట తప్పు కాదు. మింగాకే తెలిసే గుణాన్ని ఫినిష్ అంటారు.

నేను ప్యానెల్‌కు అదే చెప్పాను. మిగతా నలుగురూ మింగారు. రెడ్డెప్ప గిన్నె పట్టుకుని నావైపు చూశాడు.

"మింగమంటారా మేడమ్?"

నేను తలెత్తలేదు. మార్కుల కాగితం సర్దుకుంటున్నాను. "ఒక్క గుక్కే కదా రెడ్డెప్పా, చెంచాడు కూడా ఉండదు" అన్నాను. ఆ మాట నేనే అన్నాను. నాలుగేళ్లవుతోంది, ఇంకొకరు అని ఉంటే ఎంత బాగుండేదో అని ఇప్పటికీ అనుకుంటాను. ఆయన మింగాడు. ఘాటు గడిలో తొమ్మిది వేశాడు.

పెట్టె వచ్చాక వారం పొడుగునా పరీక్షలు నడిచేవి, ఏ రోజు మిగిలిన డబ్బాలు ఆ రోజు పారబోయాలి. లెక్క ప్రకారం ఆ పని నా కళ్ల ముందు జరగాలి. "మీకెందుకు మేడమ్ ఈ కంపు, నాకొదిలేయండి" అన్నాడు రెడ్డెప్ప. ఖాళీ డబ్బాలు నలగ్గొట్టి గోనె సంచిలో వేసి తెచ్చి చూపించేవాడు. నేను సంచి చూసి తలూపేదాన్ని. అక్టోబరు, నవంబరు, డిసెంబరు అలాగే గడిచాయి. పనిలో ఒక్క తేడా లేదు. పైగా కాస్త హుషారుగా కూడా ఉండేవాడు. ఆ హుషారు చూసి నేను నా తెలివికి మురిసిపోయాను. మరుగున పడిన మనిషిని వెలుగులోకి తెచ్చానని ఇంట్లో చెప్పుకున్నాను కూడా.

జనవరిలో ఆయన కళ్లు పచ్చబడ్డాయి. నేను అడిగితే, "కామెర్లు మేడమ్. నీళ్లు పడ్లేదేమో" అన్నాడు. నాగరత్న ఆయన్ను పెద్దతిప్పసముద్రం వైపు ఒక ఊళ్లో పసరు పోసే అతని దగ్గరికి తీసుకెళ్లింది. మా వైపు కామెర్లంటే ముందు పసరే. మూడు వారాలు ఉప్పు, నూనె లేని పథ్యం. ఆసుపత్రికి వెళ్లమని నేనూ గట్టిగా చెప్పలేదు. ఆమెకు తాగుడు మీద అనుమానమే లేదు. రోజూ వాసన చూస్తూనే ఉంది కదా. అనుమానం ఉండి ఉంటే మొదటి రోజే ఆసుపత్రికి పరిగెత్తేది.

ఒక ఉదయం పొయ్యి దగ్గర కూర్చుని రక్తం కక్కుకున్నాడు. మదనపల్లెలో ఆసుపత్రిలో చేర్చారని తెలిసి వెళ్లేసరికి డాక్టరు నాగరత్నను అడుగుతున్నాడు, ఎన్నాళ్లుగా తాగుతున్నాడని.

"తాగడు సార్. మూడేండ్లయ్యింది మానేసి. దినామూ నేనే సూస్తాండా. నా బిడ్డ మింద ఒట్టు" అంటోంది ఆమె.

డాక్టరు చేతిలో రిపోర్టు మడిచి పెట్టుకున్నాడు. మంచం మీద రెడ్డెప్ప గోడవైపు తిరిగి ఉన్నాడు. నాగరత్న మందుల చీటీ పట్టుకుని బయటికి వెళ్లాక నావైపు తిరిగాడు. కళ్లు పసుపు ముద్దల్లా ఉన్నాయి.

"పారబోయల్లనే పోయేవాణ్ణి మేడమ్. మూత తీస్తే మా ఇంటి చారు వాసన. ఇదేం తాగుడులే అనిపిస్తా ఉండె."

"ఎందుకు చెప్పలేదు నాకు?"

"జెప్తే ప్యానెల్‌లోంచి తీసేస్తారు గదా."

తప్పు నాదని చెప్పకుండానే, జారిన దుప్పటి సర్ది బయటికి వచ్చేశాను. మూడో రోజు వేలూరు పెద్దాసుపత్రికి తీసుకుపోతుంటే దారిలోనే ప్రాణం పోయింది.

నెల తర్వాత నాగరత్న ఫ్యాక్టరీకి వచ్చింది, ఆయన లాకర్‌లోని బట్టలు, క్యారియర్ తీసుకుపోవడానికి. నేను తిట్లు పడటానికి సిద్ధపడి ఉన్నాను. తిట్టాలని కోరుకున్నాను కూడా. ఆమె తిట్టలేదు. బల్ల ముందు నిలబడి, "ఆ డబ్బా ఒగటి నాకు సూపించమ్మా" అంది.

షెల్ఫ్‌లోంచి ఒకటి తీసి మూత లాగి గ్లాసులో పోశాను. ఆమె రెండు చేతులతో గ్లాసు పట్టుకుని ముక్కు దగ్గర పెట్టుకుంది. కళ్లు మూసుకుని మళ్లీ పీల్చింది. నేను ప్యానెల్‌కు నేర్పించే పద్ధతి అదే, ఆమెకు ఎవరూ నేర్పలేదు.

"ఇది నా చారు గదమ్మా" అంది. "నేను కట్టిచ్చిన చారు తాగి వచ్చినాడులే అనుకుంటా ఉంటిని, దినామూ." గ్లాసు జాగ్రత్తగా బల్ల మీద పెట్టింది. "నాకెట్ట తెలుస్తాది?"

క్యారియర్ చేత్తో పట్టుకుని వెళ్లిపోయింది. ఆమె ముఖంలో కోపం లేదు. తన ముక్కు తనను మోసం చేసిందని సిగ్గుపడుతున్నట్టుంది. ఆ సిగ్గు నాది. ఆమె మోసుకుపోయింది.

ఇదంతా ఏం నేర్పిందని అడిగితే, నేర్చుకున్నదానితో ఏమీ చేయలేకపోయానని చెప్పాలి. మద్యం రుచి చూసేవాళ్లందరం తాగేవాడి నాలుక గురించే ఆలోచిస్తాం. ఇంటి వాకిట్లో నిలబడి వాసన చూసే మనిషి మా కాగితంలో ఏ గడిలోనూ లేదు. నోట్లో కాస్త గుచ్చుకోవడం, ముక్కుకు కాస్త తగలడం సరుకులో తప్పులని నా చదువూ పద్నాలుగేళ్ల అనుభవమూ నాకు చెప్పాయి. ఆ రెండూ ఒక ఇంటికి కాపలా అని తెలిసేసరికి, అప్పటికే నేనే వాటిని తీసిపారేసి ఉన్నాను.

మిరియాలూ జీలకర్రా సగానికి తగ్గించమని కంపెనీకి రాశాను. కారణం కూడా రాశాను. ఫైనల్ రిపోర్టులో రిమార్కుల దగ్గర, 'పక్కన నిలబడి వాసన చూసినవాళ్లకు కూడా తాగినట్టు తెలియదు' అని హెచ్చరికగా పెట్టి కింద ఎర్ర గీత గీశాను. మూడు రోజులకు ప్రొడక్ట్ మేనేజర్ ఫోన్ చేశాడు. గొంతు నిండా సంతోషం. ఆ ఎర్ర గీత ముక్క అందరికీ బాగా నచ్చింది మేడమ్, ప్రచారానికి వాడుకోమని అమ్మకాలవాళ్లకు ఇచ్చేశాం అన్నాడు.

ఇప్పుడు ఆ డబ్బా హార్స్లీ హిల్స్ రిసార్టుల్లో కూడా దొరుకుతుందట. గుజ్జు ఇప్పటికీ మా దగ్గరినుంచే వెళుతుంది. ప్రతి లోడుకూ రుచి చూసి సంతకం పెట్టేది నేనే.