నడుమ ఆగిన హారతి

ఆ రోజుల్లో ప్రేమకు ఫోన్ ఒక్కటే సరిపోయేది కాదు, దాన్ని దాచుకునే చోటు కూడా కావాలి. "కల్హేర్ పిలగాడు రేపు వస్తుండట, నీతోని ఒక్కదానితోనే మాట్లాడాల్నట" అన్న వార్త మొదట మోసుకొచ్చింది మా మేనత్త. పెళ్లి ఖాయమయ్యాక తన పాత ఫోన్ నాకిచ్చి పుణ్యం కట్టుకున్నదీ ఆమే. కల్హేర్ ఊరి ఆ పెళ్లికొడుకు దానికి రోజూ ఇంగ్లిష్‌లో మెసేజ్‌లు పంపేవాడు. బడి ముఖం చూడని నాకు నానమ్మ ఇంట్లో నేర్పిన తెలుగే చదువు (ఆ భిక్షకు ఇప్పటికీ దండం పెడతాను). అందుకని ప్రతి మెసేజ్‌కూ ఒక నవ్వు బొమ్మ పంపేదాన్ని. సంబంధం తెచ్చిన పెద్దమనిషి మాత్రం పిల్ల పదో తరగతి పాసని చెప్పేశాడు. ఆ అబద్ధం పెళ్లిపీటల దాకా రాకూడదు, రేపే చెప్పేయాలి, కాదంటే కాదననీ అనుకున్నాను.

మరునాడు జాకెట్ కొలతలకని నానమ్మతో బస్టాండు పక్క దర్జీ దుకాణానికి వెళ్లాను. ఆయన బస్సు దిగి మిస్డ్ కాల్ ఇవ్వాలి, నేను మంచినీళ్ల వంకతో బయటికి రావాలి, అదీ మేనత్త ద్వారా కుదిరిన మా ఒప్పందం. ఆమె ఆ ఫోన్‌కు రింగ్‌టోన్‌గా మంగళహారతి పెట్టుకుందనీ, దాని నోరు మూయించడం నాకు రాదనీ ఒప్పందంలో లేదు. నా సంచిలోంచి హారతి మొదలవగానే నానమ్మ చెప్పులు విడిచి, కళ్లు మూసి, చేతులు జోడించింది. దర్జీ కత్తెర పక్కన పెట్టాడు. (నేనూ జోడించాను, ఏం చేయను!) అంతలోనే పాట టక్కున ఆగింది. మిస్డ్ కాల్ కదా.

"ఏందే, హారతి నడుమ ఆపుతరా? ఎవడాడు?" అంది నానమ్మ.

"కల్హేర్ ఆయన..."

"పిలువు ఆణ్ని! ఆపినోడే వచ్చి పూర్తి చేయాలె."

పాపం, ఆయన వచ్చి, దర్జీ మిషన్ ముందు నిలబడి, సగం పాడి సగం గొణిగాడు. అక్కడ లేని దీపాన్ని నానమ్మ కళ్లకద్దుకుని, "ఇగ మాట్లాడుకోండ్రి" అని అటు తిరిగింది.

"నేను బడికి పోలేదు. మీ ఇంగ్లిష్ నాకు రాదు" అన్నాను తలవంచుకుని.

"గందుకేనా! కాలు బెణికిందని మెసేజ్ పెడితే నవ్వినవు. మా అమ్మ ఎంత పరేషానయిందో!" అని ఆయన పడీపడీ నవ్వాడు. "ఇగ ఫోనే చేస్త. గా హారతి ఒక్కటి మార్చు."

"మార్చొద్దు!" అంది అటు తిరిగిన నానమ్మ.

ఇప్పుడు ఆయన మెసేజ్‌లు తెలుగులోనే పంపుతాడు. నేను మాత్రం ముందు నవ్వు బొమ్మ పెట్టి, తర్వాతే చదువుతాను. నానమ్మ ఇప్పుడు లేదు. ఈసారి హారతి కళ్లకద్దుకునేటప్పుడు, నాకు అక్షరాలు దిద్దించిన ఆ ముసలమ్మను మీరూ ఒక్కసారి తలుచుకోండి.