నడిపయ్య బ్యాండు, ఏసయ్య డప్పు

నడిపయ్య బ్యాండు గురించి గొప్పలు చెప్పేవాళ్లను చూస్తే నాకు ఒళ్లు మండుతుంది. ఆ గొప్ప నడిపయ్యది ఎప్పుడైంది? అరవైల మొదట్లో ఆర్మూర్‌లో పెండ్లి బరాత్ అంటే ఆ బ్యాండే, నిజమే. భీమ్‌గల్, దొంకేశ్వర్ మేళాలవాళ్లు వచ్చి విని, అదే దరువు ఎత్తుకుపోయేవాళ్లు. కానీ జనం కాళ్లు ఆడించింది నడిపయ్య క్లారినెట్ కాదు, బాకాల వెనక ఆయన అన్న ఏసయ్య కొట్టే డప్పు. పసుపు బస్తాలు మోసి నడుం పట్టేసిన హమాలీలు కూడా ఆ దెబ్బకు లేచి ఎగిరేవాళ్లు.

ఒకనాడు పసుపు వ్యాపారి గంగాదాస్ సేటు ముక్కు చిట్లించాడు. "కోట్లు తొడిగిన బ్యాండుల గా తోలు డప్పేందిరా? సావు మేళం లెక్క!" అంతే, మన బ్యాండ్ మాస్టరు గారికి జ్ఞానోదయమైంది. డప్పు కొట్టే ఇంట్లో పుట్టినవాడే, సొంత అన్నను బ్యాండులోంచి వెళ్లగొట్టాడు. "జమానా మారింది అన్నా" అన్నాడట. ఏం మారిందో ఆయనకే తెలియాలి! ఆ తర్వాత ఆ బ్యాండు వెంట బరాత్‌లు నడిచాయే గాని ఆడలేదు.

ఇక అసలు సంగతి. నడిపయ్య బిడ్డ ఆశమ్మ పెండ్లి చర్చిలో ఖాయమైన రోజే సేటు కొడుక్కీ లగ్నం పడింది. నడిపయ్యను భార్య రత్నవ్వ బతిమాలింది.

"ఉన్నది ఒక్క బిడ్డ. నువ్వు ముంగట నడువకుంటే దాని బరాత్ ఎవలు నడిపిస్తరు? సేటుకు నిజామాబాద్ బ్యాండు దొరకదా?"

"సేటు మాట తీసేస్తే రేపు మనల ఎవలు పిలుస్తరే? అన్న ఉన్నడు గద, కొడ్తడు తియ్యి" అన్నాడు ఆ మహానుభావుడు. పొద్దున్నే కోటు తొడుక్కుని సేటు ఇంటికి పోయాడు. చర్చి మొహం కూడా చూడలేదు.

సాయంత్రం పసుపు మార్కెట్ ముందర రెండు బరాత్‌లూ ఎదురుపడ్డాయి. మా దగ్గర ఒక పద్ధతుంది. అలా ఎదురైతే చిన్నింటివాళ్లు వాద్యం ఆపి పక్కకు జరగాలి. అయితే పెద్దింటి బ్యాండ్ మాస్టరు తన వాద్యం దించాడంటే, "మీరే పోండి" అని దారిచ్చినట్టు. దానికి ఏ సేటూ అడ్డం చెప్పడు.

ఏసయ్య డప్పు ఆపి తమ్ముడి వైపు చూశాడు. ఎడ్లబండిలో ఆశమ్మ కూడా ముసుగు పైకి తీసి చూసింది. క్లారినెట్ ఒక్కసారి దించితే చాలు, బిడ్డ బండి డప్పుతో దర్జాగా దాటిపోయేది.

సేటు చూస్తున్నాడు మరి! సిగ్గులేని మనిషి, బుగ్గలు ఉబ్బించి ఇంకా గట్టిగా ఊదాడు. బండి మురుగు మోరీ పక్కకు ఒరిగి నిలబడింది. రత్నవ్వ నోట్లో కొంగు కుక్కుకుని ఏడ్చింది.

పెండ్లికొడుకు నాయనమ్మ ఆ పొద్దే ధర్పల్లి నుంచి వచ్చింది. ఇక్కడి మనుషులెవరూ ఆమెకు తెలియరు. బండిలోంచి తొంగి చూసి అడిగింది.

"ఎవలు బిడ్డా, గంత గట్టిగ ఊదుతున్నడు? మీవోడా?"

ఆశమ్మ ముసుగు కిందికి లాక్కుంది.

"కాదవ్వా," అన్నది. "సేటు మనిషి."