ఇంకా మానలేదు

చిలగడదుంపల తోట గోదాములో అతన్ని అందరూ డాక్టరు అనే పిలుస్తారు. చదివింది ఏడో తరగతి. నేల తవ్వేటప్పుడు పార తగిలి దుంపకి గాటు పడుతుంది, గంపలోకి పోసేటప్పుడు తోలు లేస్తుంది. దెబ్బతిన్న దుంపని తిన్నగా తీసుకెళ్ళి నిల్వ గదిలో పెడితే పది రోజుల్లో కుళ్ళిపోతుంది, పక్కవాటినీ కుళ్ళబెడుతుంది. అందుకని ముందు ఒక వారం వెచ్చటి గదిలో, గాలి తడి ఆరకుండా చూస్తూ ఉంచాలి. గాటు మీద కొత్త తోలు కడుతుంది. ఆ తోటలో దాన్ని మానబెట్టడం అంటారు. మానబెట్టే గది ఇరవై రెండేళ్ళుగా అతని చేతిలోనే ఉంది.

“మా నాన్న మోకాలు కూడా ఓ వారం మీ గదిలో పెట్టరాదూ డాక్టరు గారూ” అని తవ్వకాల మేస్త్రీ ఏటా ఒకసారి అంటాడు. అతనూ ఏటా ఒకసారి నవ్వుతాడు.

నాట్లప్పుడు జానెడు తీగ ముక్కలు కోసి, మూడు కణుపులు మట్టిలోకి పోయేలా బోదెల మీద గుచ్చేదీ అతనే. నాలుగు నెలలు దాటాక ఆకు పసుపు తిరిగితే ఒక దుంప తవ్వి, రెండుగా కోసి ఎండలో పెడతాడు. కారిన పాలు తెల్లగా ఆరితే తవ్వకం మొదలు. నల్లబడితే ఇంకో వారం. మేస్త్రీ తొందరపెట్టినా, తోట యజమాని పెద్దాయన విసుక్కున్నా మాట మార్చడు. ఆగడం అతనికి అలవాటే. మంచాన పడ్డ తల్లిని పద్నాలుగేళ్ళు చూసుకున్నాడు. తల్లి పోయేసరికి అతనికి నలభై దాటాయి. పెళ్ళి మాట ఎత్తేవాళ్ళు కూడా మిగల్లేదు.

గోనెలు తడిపే ఆవిడ ఆరేళ్ళ కిందట వచ్చింది. భర్త పోయిన మనిషి. ఏడాదిలో ఎక్కువ భాగం పట్నంలో ఒక కుట్టుపని షెడ్డులో కాజాలు కుడుతుంది, తవ్వకాల రోజుల్లో ఇక్కడికి వస్తుంది. మానబెట్టే గదిలో గోడల పొడుగునా వేలాడే గోనెపట్టాల్ని రోజుకి మూడుసార్లు తడపడం ఆవిడ పని. హీటరు అతను చూసుకుంటాడు. అరల మధ్య ఇద్దరు ఎదురుపడితే ఒకరు ఒదిగి నిలబడాలి. ఎప్పుడూ అతనే ఒదిగేవాడు. ఆవిడ బకెట్టుతో దాటిపోయేదాకా ఊపిరి బిగబట్టేవాడు. ఆవిడ వెళ్ళిపోయిన నెలల్లో అదే సందులో నడుస్తూ, ఎవరూ రాకపోయినా, ఒక్కోసారి పక్కకి తప్పుకునేవాడు.

ఈ ఏడు వచ్చిన రోజే, కొంగు దోపుకుంటూ చెప్పింది. “వచ్చే ఏడు ఇంకెవర్నైనా చూసుకోండి డాక్టరు గారూ. మా అమ్మాయికి రెండో కాన్పు. పెద్దదాన్ని చూసుకోడానికి మనిషి లేరు. ఈ గది తెరిచిన రోజే వెళ్ళిపోతున్నా. ఇక అక్కడే.”

“మంచిదేగా” అన్నాడు అతను.

ఏడో రోజు పొద్దున్న ఇద్దరూ అలవాటు ప్రకారం అరకో దుంప తీసి బొటనవేలితో గట్టిగా రుద్దారు. తోలు జారితే మానలేదని లెక్క. జారలేదు. గాట్ల మీద కూడా తోలు బెండులా గట్టిపడింది. గది తెరిచి దుంపల్ని చల్లటి గదిలోకి మార్చాల్సిన రోజు అది. ఆవిడ అతని వైపు చూసింది.

“ఇంకా మానలేదు” అన్నాడు.

ఆవిడ తన చేతిలో దుంపని మరోసారి రుద్దింది. “డాక్టరు మీరు. మీ మాట కాదనేదెవరు” అని బకెట్టు అందుకుంది.

ఎనిమిదో రోజు అదే మాట అన్నాడు. తొమ్మిదో రోజు ఆవిడ అడగనేలేదు, అతను చెప్పనూ లేదు. మానాక కూడా ఆ వెచ్చదనంలోనే ఉంచితే ఏమవుతుందో ఆ తోటలో అతనికన్నా తెలిసినవాళ్ళు లేరు. పదో రోజు దుంపల కొసల్లో ఊదారంగు మొటిమలు లేచాయి. ముందు వరసలో ఉన్నవాటిని తిప్పి పెట్టాడు, పైకి కనపడకుండా.

పదకొండో రోజు పెద్దాయన తనే వచ్చి తలుపు తీయించాడు. దుంపలు ఏరే ఆడవాళ్ళు నలుగురు, మేస్త్రీ వెనకాలే వచ్చారు. పెద్దాయన ఒక దుంప ఎత్తాడు, ఇంకోటి ఎత్తాడు. అన్నిటికీ మొలకలే.

“గోనెలు మరీ తడిపేసుంటుంది” అన్నాడు ఆవిడ వైపు తిరిగి. “నీళ్ళు కనపడితే చెయ్యి ఆగదు. ఆరేళ్ళు చేసి, పోతూ పోతూ నాకు చేసిన మేలన్నమాట ఇది.”

ఆవిడ గోనెపట్టా దింపి మడతపెట్టసాగింది. ఆ మడతలు వంకర పోతున్నాయి.

“ఆవిడ తప్పు లేదు” అన్నాడు డాక్టరు. “ఏడో రోజే మానాయి. నేనే తెరవలేదు.”

“ఎందుకని?”

ఏరే ఆడవాళ్ళ చేతులు ఆగాయి. అతను నేలకేసి చూస్తూ చెప్పాడు. “తెరిస్తే ఆవిడ వెళ్ళిపోతుంది.”

“డాక్టరుకే దెబ్బ తగిలిందర్రా” అని మేస్త్రీ గొణిగాడు. పెద్దాయన దుంపని తిరిగి అరలో పెట్టేశాడు. “దానికి నా గదెడు దుంపలు తగలెయ్యాలా నాయనా. ఓ కప్పు టీ తాగుదాం రమ్మంటే పోయేదిగా. సర్లే, నారుమడిలో పాతిపెట్టు. తీగలైనా వస్తాయి.”

మధ్యాహ్నం బస్సుకి ఆవిడ సంచి అతనే మోసుకొచ్చాడు. రోడ్డు మీద ఇంకెవరూ లేరు.

“నలుగురి ముందూ అన్నారు. నాతో ఒక్క మాట అనలేదు” అంది ఆవిడ.

“ఇప్పుడు అంటాను.”

“అనండి.”

“వెళ్ళకండి.”

ఆవిడ బస్సు వచ్చే వైపు చూసింది. “మా అమ్మాయికి మాటిచ్చాను, వెళ్తాను. ఈ ఆరేళ్ళల్లో ఏ రోజు అనుంటే ఆ రోజు ఉండిపోయేదాన్ని. గోడ వైపు తిరిగి గోనెలు తడిపానే గాని, చెవి మీ వైపే పెట్టుకున్నాను.”

అతను సంచి ఈ చేతి నుంచి ఆ చేతికి మార్చుకున్నాడు. దూరంగా బస్సు కనపడింది.

“అక్కడికి ఎంతసేపు పడుతుంది?” అని అడిగాడు.

“నాలుగు గంటలు. మధ్యలో మారాలి.”

“ఎక్కడ మారాలి?”

ఆవిడ అతని ముఖంలోకి చూసింది. “రైలు గేటు దగ్గర దిగాలి. దిగి రోడ్డు అవతలి వైపు నిలబడాలి. ఇవతల నిలబడ్డారో, ఎక్కిన బస్సు మళ్ళీ ఇక్కడికే తీసుకొస్తుంది.”

“ఆదివారాలు కూడా ఉంటుందా?”

“గంటకొకటి” అంటూ సంచి అందుకుని ఎక్కింది.

బస్సు రేపిన దుమ్ము అణిగేదాకా అతను అక్కడే ఉన్నాడు. నారుమడి వైపు నడుస్తూ “గేటు దగ్గర దిగి, అవతలి వైపు” అని పైకే రెండుసార్లు అనుకున్నాడు.