వెలుగుకు కాళ్ళు మొలిచిన చలికాలం

మా అమ్మాయి బడి కోసం అట్ట మీద అంటించిన ఫొటో ఒకటి మూడు రోజులుగా మా భోజనాల బల్ల మీదే ఉంది. ఇల్లంతా జిగురు వాసన. అంతరిక్షంలోకి పంపిన కొత్త టెలిస్కోపు తీసిన నక్షత్రాల ఫొటో అది. చిన్న నక్షత్రాలు చుక్కల్లా ఉన్నాయి గాని, బాగా వెలిగేవాటికి మాత్రం ఒక్కొక్కదానికి ఆరేసి పొడుగాటి కిరణాలు, గీత గీసినట్టు తిన్నగా ఉన్నాయి. "మమ్మీ, స్టార్ తో గోల్ హోతా హై న, మరి దీనికి ఈ కాళ్ళేటి?" అని, గుండ్రంగా ఉండాల్సిన నక్షత్రానికి కాళ్ళెందుకని, మా అమ్మాయి సగం హిందీలో అడిగింది. అవి నక్షత్రానివి కావనీ, టెలిస్కోపు అద్దం అంచుల దగ్గరా, దాన్ని పట్టుకున్న కమ్మీల దగ్గరా వెలుగు పక్కలకు పరుచుకోవడం వల్ల వచ్చినవనీ చెప్పాను. ఆ కాళ్ళు అన్న మాట నా దగ్గర నేర్చుకుంది. నేను మా నాన్న దగ్గర నేర్చుకున్నాను. ఆ మాట మా ఇంట్లోకి వచ్చిన చలికాలం నాకు పదకొండేళ్ళు.

అప్పుడు మేము ఈ హిందీ ఊళ్ళోనే లాల్‌ఖదాన్ వైపు, పట్టాలకు దగ్గరగా ఉన్న రైల్వే క్వార్టర్‌లో ఉండేవాళ్ళం. రెండు గదులు, ఒక వంటిల్లు, వెనక ఇటుక గోడ కట్టిన పెరడు, అందులో అమ్మ పెంచిన ఆనపపాదు, బొగ్గు ధూళి పడి ఎప్పుడూ నల్లగా ఉండే బట్టల తీగ, మూడు మెట్లు. ఆ మెట్ల మీద కూర్చుంటే గోడ అవతల యార్డూ, యార్డులో ఎత్తయిన స్తంభం మీద పెద్ద దీపమూ, దానికి కాస్త పక్కగా ఒక సిగ్నలూ కనిపించేవి. దసరా దాటగానే అక్కడ చలి వచ్చి పడేది. సాయంత్రం అయిదున్నరకే చీకటి కమ్ముకునేది. కుంపటి చుట్టూ చేరి, గోల్ బజార్ నుంచి తెచ్చిన పచ్చి శనగమొక్కల కట్టలను కాల్చుకుని, వేళ్ళూ పెదాలూ నల్లగా చేసుకుంటూ తినేవాళ్ళం. మా శ్రీకాకుళం నుంచి ఎవరైనా వస్తే తేగలు తెచ్చేవారు. అవి ఉడుకుతున్న వాసనకు అమ్మ చేతిలో పని వదిలేసి పొయ్యి దగ్గరే కూర్చునేది.

నాన్న గూడ్సు బండి డ్రైవరు. కోర్బా నుంచి బొగ్గు తెచ్చే బళ్ళు నడిపేవాడు. ఎప్పుడు వస్తాడో, ఎప్పుడు వెళ్తాడో మాకు తెలిసేది కాదు. ఇంజన్ల షెడ్ నుంచి మనిషి డ్యూటీకి పిలిచే కాల్ బుక్ పట్టుకుని సైకిల్ మీద వచ్చి గేటు చప్పుడు చేస్తే, నాన్న సంతకం పెట్టి, అమ్మ కట్టిన క్యారేజీ పట్టుకుని వెళ్ళిపోయేవాడు. నా చిన్నప్పటి నాన్న అంటే నాకు ఎక్కువగా గుర్తున్నది నూనె వాసన వేసే ఖాకీ చొక్కా, పగటి పూట దుప్పటి ముసుగేసుకుని పడుకున్న మనిషి, "నాన్న నిద్రపోతన్నాడు, గోల సెయ్యకండి" అనే అమ్మ గొంతు.

ఇంట్లో నాలుగో మనిషి మా పార్వతి అత్త, నాన్నకు ఆఖరి చెల్లెలు. మా ఊళ్ళో ఇంటరు అయ్యాక నాన్నే తీసుకొచ్చి ఇక్కడి కాలేజీలో బీఎస్సీలో చేర్పించాడు. కాలేజీలో చూసిన ప్రతిదీ ఇంటికొచ్చి మళ్ళీ చేస్తే గాని ఆమెకు నిద్ర పట్టేది కాదు. ఒకరోజు ఒక అద్దం ముక్కను ఎక్కాబుడ్డి మంట మీద తిప్పి తిప్పి మసి పట్టించింది. నాన్న గడ్డం గీసుకునే బ్లేడులు రెండు ఒకదానికొకటి ఆనించి పట్టుకుని, ఆ మసి మీద ఒక్క గీత లాగింది. పక్కపక్కనే వెంట్రుకంత సన్నటి రెండు సందులు పడ్డాయి. ఆ అద్దాన్ని నా కంటికి ఆనించి, గది చివర వెలుగుతున్న బల్బును చూడమంది.

బల్బు ఒక్కటే. నాకు కనిపించినవి చారలు, బోలెడు చారలు. మధ్యది తెల్లగా, తర్వాత నలుపు, మళ్ళీ వెలుగు, మళ్ళీ నలుపు, చివరలకు పోయేకొద్దీ వెలుగు చారల అంచుల్లో నీలమూ ఎరుపూ. నేను అద్దం తీసి బల్బును చూశాను, మళ్ళీ అద్దం పెట్టి చూశాను. "ఇరుకు సందులోంచి దూరితే వెలుగు తిన్నగా రాదే," అంది అత్త. "పక్కలకి పరుచుకుంటాది. సందు ఎంత సన్నమో, అంత వెడల్పుగా పరుచుకుంటాది. రెండు సందుల్లోంచీ వచ్చినవి కలిసిన చోట వెలుగు, ఒకదాన్నొకటి కొట్టేసుకున్న చోట చీకటి." ఆ తర్వాత ఒక నెల రోజులు నేను దేనిలోంచి చూడలేదు గనక! అమ్మ సన్నంచు నేత చీర కొంగులోంచి చూస్తే యార్డు దీపం అడ్డంగా నిలువుగా చుక్కలు పేర్చినట్టయ్యేది. కాకి ఈకలోంచి చూస్తే రంగులొచ్చేవి.

నాన్న అన్నం తింటూ మా మాటలు వినేవాడు. "మీకు అద్దం కావాల, బ్లేడు కావాల. నాకు అవేటీ అక్కర్లేదు. ఈమధ్య సిగ్నల్ దీపాలకి ఊరికినే కాళ్ళు మొలుస్తన్నాయి," అనేవాడు. ఇంజను ముందు అద్దం మాసిపోయిందనీ, ఎంత తుడిపించినా పోవడం లేదనీ చెప్పేవాడు. మేము నవ్వేవాళ్ళం.

ఒక ఆదివారం, కాల్ బుక్ ఏడింటికి వస్తుందని అరుదుగా ముందే తెలిసిన సాయంత్రం, నలుగురం మెట్ల మీద కూర్చున్నాం. ప్రతి మనిషి కంట్లోని కటకానికీ దాని సొంత గీతలుంటాయనీ, అందుకే దూరపు దీపం చుట్టూ కిరణాలు ఒక్కొక్కరికి ఒక్కోలా కనిపిస్తాయనీ అత్త చెప్పింది. నా రూళ్ళ పుస్తకంలోంచి నాలుగు కాగితాలు చింపి అందరికీ ఇచ్చి, యార్డు దీపం ఎలా కనిపిస్తే అలా వెయ్యమంది. అమ్మ సిగ్గుపడుతూ ఒక చుక్క పెట్టి చుట్టూ చిన్న గీతలు గీసి, పక్కన సిగ్నల్‌కు ఇంకో చుక్క పెట్టింది. నాదీ అత్తదీ కూడా కాస్త తేడాతో అలాంటివే. నాన్న చాలాసేపు వేశాడు. ఆయన దీపానికి కాగితం అంచుల దాకా పాకిన కాళ్ళున్నాయి, వాటి చుట్టూ ఒక పెద్ద గుండ్రం ఉంది.

అత్త ఆ కాగితాన్ని వంటింటి వెలుగులోకి తీసుకెళ్ళి చూసి వచ్చింది. "అన్నియ్యా, పక్కనున్న సిగ్నల్ వెయ్యలేదేటి?"

"ఏ సిగ్నలు?" అన్నాడు నాన్న.

అత్త కాగితం మీంచి తలెత్తి సిగ్నల్ వైపు చూసింది. ఎందుకో నాకు అర్థం కాలేదు. అత్త నాకు నేర్పిన ఇంకో కిటుకు చూపించాలని తొందరపడ్డాను. "నాన్నా, తల పక్కకి వంచి సూడు. కాళ్ళు అలాగే ఉంటే అవి బయట అద్దానివి. నీతోపాటు అవీ వంగితే నీ కంట్లోవి," అన్నాను. నాన్న తల కుడి భుజం మీదకు వంచాడు. తర్వాత ఎడమ భుజం మీదకు వంచాడు. మాకూ దీపానికీ మధ్య ఏ అద్దమూ లేదు, చల్లటి గాలి తప్ప.

"తిరుగుతన్నాయి," అన్నాడు మెల్లగా.

లోపలికి వెళ్ళాక అమ్మ గొంతు తగ్గించి అంది, "రైల్వే డాక్టరు పరీక్ష ఎండాకాలంలో కదండీ. అందాకా ఎవులికీ సెప్పకపోతే ఏటి?" ఆమె భయం నాకు ఇప్పుడు తెలుస్తోంది. చూపు చాలక ఇంజను దిగిన డ్రైవరు ఇంట్లో తన మొహం తను చూసుకోలేక పోవడం ఆమె పక్క క్వార్టర్లలో చూసింది. నాన్న చొక్కా గుండీలన్నీ పెట్టుకున్నాడు. "నా పక్కన అసిస్టెంటు ఉంటాడు. ఎనక బ్రేక్‌వేన్‌లో గార్డుంటాడు. ఆలకి పిల్లల్లేరేటి?" అన్నాడు.

ఏడింటికి గేటు చప్పుడైంది. నాన్న బయటికి వెళ్ళి కాల్ బుక్‌లో సంతకం పెట్టలేదు. "ఈ బండి నాను పట్టను. ఇంకొకర్ని పిలవమని సెప్పు. నా మాట నానే వచ్చి రాసిస్తాను," అన్నాడు. ఆ మనిషి ఆశ్చర్యపోయి చూస్తుంటే సైకిల్ పట్టుకుని ఆయనతోనే షెడ్‌కు వెళ్ళాడు. అమ్మ కట్టిన క్యారేజీ వంటింటి గట్టు మీదే ఉండిపోయింది.

రెండు కళ్ళలోనూ శుక్లాలు మొదలయ్యాయని తేలింది. తర్వాత ఆపరేషన్లు అయ్యాయి, కళ్ళజోడు వచ్చింది, చూపు బాగానే వచ్చింది గాని నాన్నను మళ్ళీ ఇంజను మీదకు పంపలేదు. షెడ్‌లోనే రికార్డులు చూసే పని ఇచ్చారు. ఆయన ఇంజనును నా ఆట పోగొట్టిందని నేను నమ్మాను. మసి అద్దాన్ని తీసుకెళ్ళి వీధి చివర మురిక్కాలవలో పారేశాను. అత్త వెతికింది, నేను చెప్పలేదు. నేను తిండి సరిగా తినడం లేదని అమ్మ కనిపెట్టింది.

ఒక మధ్యాహ్నం నాన్న నన్ను పెరట్లోకి పిలిచాడు. ఎక్కాబుడ్డి వెలిగించి, ఒక కొత్త అద్దం ముక్కను తనే మంట మీద తిప్పుతున్నాడు. వేళ్ళకు మసి అంటుకుంది. రెండు బ్లేడులు నా చేతికిచ్చాడు.

"నా వల్లే కదా నాన్నా?" అని ఏడ్చాను.

"నువ్వు సూపించకపోతే ఇంకోటేదో సూపించీది అమ్మలూ," అన్నాడు. "అది ఇంత నెమ్మదిగా సెప్పీది కాదు. గీయి, సెయ్యి ఒణక్కుండా గీయి."

ఆ తర్వాతి సంవత్సరాలే నాకు ఇప్పటికీ కలల్లోకి వస్తాయి. రోజూ సాయంత్రం ఆరింటికి నాన్న ఇంటికి వచ్చేవాడు. మాకు అది ఎంత కొత్తో చెప్పలేను. ఉసిరికాయ పచ్చడి అన్నంలో కలిపి ముద్దలు చేసి పెట్టేవాడు, లెక్కలు అడిగేవాడు, వానాకాలంలో ఛత్తీస్‌గఢీ పొరుగింటావిడ తీజ పండక్కి పంపిన శనగపిండి ఠేఠరీలు నాతో పోటీపడి తినేవాడు. అత్త కాలేజీ లైబ్రరీ నుంచి తెచ్చిన పుస్తకంలో నక్షత్రాల బొమ్మలకు నాలుగేసి కాళ్ళుంటే, అవి టెలిస్కోపు లోపలి చిన్న అద్దాన్ని పట్టుకున్న కమ్మీల వల్ల వచ్చాయని ఆమె చెప్పింది. నాన్నకు అది బాగా నచ్చింది. "అచ్ఛా. అంటే ఇంత పెద్ద మిషనుకీ కంట్లో గీతలుంటాయన్నమాట," అని, ఆ పుస్తకంలో ప్రతి నక్షత్రం కాళ్ళూ వేలితో లెక్కపెట్టాడు. కానీ దూరంగా బొగ్గు బండి బరువుగా కదిలే చప్పుడైతే మాత్రం మాట మధ్యలో ఆపి, అది పూర్తిగా వెళ్ళిపోయేదాకా వినేవాడు. నేను ఆ సమయాల్లో ఆయన మొహం చూసేదాన్ని కాదు. ఆయన ఇంజను పోయినందువల్లే నాకు నాన్న దొరికాడు. దానికి నేను సంతోషపడ్డానని ఆయనతో ఎప్పుడూ చెప్పలేకపోయాను, ఇక చెప్పే వీలూ లేదు.

నాన్న పోయి తొమ్మిదేళ్ళు. అమ్మ ఆ మరుసటి ఏడే వెళ్ళిపోయింది. అత్త విశాఖపట్నంలో మనవల మధ్య ఉంది. మసి అద్దంలోంచి మా అమ్మాయికి చూపిద్దామంటే, తీగ బల్బులు అమ్మే కొట్టు ఈ ఊళ్ళో ఇప్పుడు ఎక్కడుందో నాకు తెలియదు. పోయిన నెల మా అమ్మాయిని తీసుకుని పాత క్వార్టర్ల వైపు వెళ్ళాను. ఆ వరస మొత్తం కూల్చేశారు. ఇనప కంచె, కంకర, కొత్తగా వేసిన లైను. మెట్లు ఎక్కడుండేవో అటు నుంచీ ఇటు నుంచీ అడుగులు లెక్కేసి చూశాను గాని తేలలేదు. కంచె పట్టుకుని నిలబడిన నన్ను చూసి, "యహాఁ క్యా థా, మమ్మీ?" అని, ఇక్కడేముండేదని అడిగింది.

"మా పెరడు," అన్నాను.

"పెరడు అంటే?"

హిందీలో, "ఆంగన్," అన్నాను. సరేనని తలూపింది. పెరడంటే ఆంగన్ ఒక్కటే కాదు గాని, మిగిలింది చెప్పడానికి ఆమెకు తెలిసిన మాట నాకు దొరకలేదు.