తూముకు కట్టని ఎర్రగుడ్డ

ఆ ఏడు నా రొయ్యల చెరువుకు తెల్లమచ్చ తెగులు వచ్చిందని నేను ఎవరికీ చెప్పలేదు. నా చెరువు నీళ్ళు కాలవలోకి వెళ్ళాయి, కాలవ నీళ్ళు పక్క చెరువులోకి వెళ్ళాయి. పక్క చెరువు ఆమెను నేను అప్ప అని పిలుస్తాను, మా వైపు అక్కను అలాగే అంటాం. తన పంట తన తప్పు వల్లే పోయిందని ఆమె చాలా ఏళ్ళు నమ్మింది. నేను నమ్మనిచ్చాను.

ఈమధ్య మా ఊరి తుఫాను షెల్టర్లో జరిగిన మీటింగులో నేను ధైర్యంగా నిజం ఒప్పుకున్నానని మా కాలవ మీద చెప్పుకుంటున్నారు. మా చర్చిలో పాస్టరుగారు ఆ మాట ప్రసంగంలో కూడా వాడుకున్నారు. అది సరికాదు. ఆ రోజు కూడా నేను ముందు అబద్ధమే చెప్పాను. అందుకే జరిగింది జరిగినట్టు రాస్తున్నాను.

మాది విజయనగరం జిల్లాలో సముద్రపు ఒడ్డు. ఉప్పుటేటి నుంచి చీలిన ఒక కాలవ, దానికి రెండు పక్కలా చెరువులు. పోటు వచ్చినప్పుడు అందరం ఆ కాలవ నీళ్ళే తోడుకుంటాం. పాటు తీసినప్పుడు వాడిన నీళ్ళు అందులోకే వదులుతాం. వేరే దారి లేదు.

నేను చెరువు కౌలుకు తీసుకునేనాటికి నాకు తెలిసినదల్లా కాలేజీలో చదివిన జువాలజీ. మా నాన్న మిషను బడిలో మాస్టారు, పొందూరు ఖద్దరు తప్ప కట్టని మనిషి. మా ఇంట్లో ఎవరూ ఉప్పునీళ్ళలో దిగి పనిచేసినవాళ్ళు కారు. పక్క చెరువు వాళ్ళది వేట మీద బతికిన కుటుంబం. ఆమె భర్తను నేను బావ అంటాను. ఆయన ఏటా గుజరాత్ వెళ్ళి, అక్కడి బోట్ల మీద నెలల తరబడి పనిచేసి, ఎండుచేపలా అయిపోయి తిరిగొచ్చేవాడు. ఆమె తట్ట నెత్తిన పెట్టుకుని ఊరూరా చేపలమ్మేది. ఇద్దరూ చెరువు తవ్వించుకున్నది ఒక్క కోరికతోనే. బావ మళ్ళీ గుజరాత్ పోకూడదు.

నేను మొదటిసారి గట్టు మీదికి వెళ్ళిన రోజున బావ నన్ను పైనుంచి కిందికి చూసి, "సదువుకున్నోడొచ్చినాడే. ఇంక మన రొయ్యలకి ఇంగ్లీసు వస్తాది" అన్నాడు.

"నువ్వూరుకో" అంది అప్ప. నా వైపు తిరిగి, "తమ్ముడూ, నీ నీళ్ళూ మా నీళ్ళూ కలిసీసినాయి కదా, ఇంక మనం సుట్టాలమే. ఒక్కటే మాట. నీ సెరువుకి తెగులొచ్చినాదనుకో, తూము కర్రకి ఎర్రగుడ్డ కట్టీయాల. సిగ్గుపడకూడదు" అంది.

అది చెరువుల దగ్గర పుట్టిన అలవాటు కాదు. ఏరు సముద్రంలో కలిసే మొగ దగ్గర ఇసుకతిన్నె ఒకచోట ఉండదు, జరుగుతూ ఉంటుంది. వేట నుంచి ముందుగా వచ్చిన పడవ తిన్నెకు తగులుకుంటే, అందులోవాళ్ళు తెడ్డుకు గుడ్డ కట్టి పైకెత్తుతారు. వెనక వచ్చేవాళ్ళు అది చూసి దారి మార్చుకుంటారు. తాము ఒడ్డు చేరాక, గుడ్డ ఎత్తిన పడవను వెళ్ళి లాగడం వాళ్ళ వంతు. వేటవాళ్ళు చెరువుల్లోకి వచ్చినప్పుడు ఆ గుడ్డ కూడా వాళ్ళతో వచ్చింది. గుడ్డ కనిపించగానే కాలవ మీద అందరూ తూములు మూసేస్తారు. చెరువుకు ఒక వలా, ఇద్దరు మనుషులూ చొప్పున గుడ్డ కట్టినవాడి దగ్గరకు వెళ్తారు. బతికున్న రొయ్యలు ఆ పూటే పట్టేస్తారు. మిగిలిన నీళ్ళల్లో బ్లీచింగు కలిపి, తెగులు చచ్చాకే బయటికి వదులుతారు.

నా మొదటి పంటప్పుడు ముందుగా గుడ్డ కట్టింది అప్పే. ఆమె పంటలో సగం పోయింది. నేను తూము మూసుకున్నాను, నాది నిలబడింది. వల లాగడానికి వెళ్ళినప్పుడు ఆమే అంది: "నీదైనా మిగిలింది కదా. అందరివీ పోనాయంటే కాలవ మొకం సూళ్ళేం." ఆ రోజు ఆమెకు నేను చెప్పాల్సిన కృతజ్ఞత చెప్పలేదు. మేలు చేసినవాళ్ళతో ఆ మాట పైకి అనే అలవాటు మా వైపు లేదు. చేసి చూపిస్తాం. చేసి చూపించే వంతు తర్వాతి పంటకే వచ్చింది.

ఒక ఉదయం చెక్ ట్రే ఎత్తాను. రొయ్యలు మేత తింటున్నాయా లేదా చూసుకోవడానికి నీళ్ళలో దించే వలపళ్ళెం అది. మేత వేసింది వేసినట్టే ఉంది. గట్టు పక్కన కొన్ని రొయ్యలు మెల్లగా, దారి తెలియనట్టు తిరుగుతున్నాయి. ఒకదాని తల పెంకు ఒలిచి ఎండకు పట్టి చూశాను. తెల్లని చుక్కలు.

గుడ్డ ఇంట్లోనే ఉంది. కడితే కొనేవాళ్ళు రేటు కోస్తారన్న భయం నిజమే. కానీ అంతకంటే పెద్దది సిగ్గు. హేచరీ నుంచి తెచ్చే సీడును, అంటే రొయ్యపిల్లల్ని, ఎలా పరీక్ష చేయించాలో, నీళ్ళు ఎలా చూసుకోవాలో ఆ గట్ల మీద అందరికీ పాఠాలు చెప్పినవాణ్ణి నేను. అప్ప సిగ్గుపడకూడదని మొదటి రోజే ఎందుకు చెప్పిందో అప్పుడు అర్థమైంది. అర్థమయ్యీ, కట్టలేదు.

"రేటు బాగుందప్పా, పట్టించేస్తున్నాను" అన్నాను. ఆమె నా చెరువు వైపు కూడా చూడలేదు. నా మాటే చాలనుకుంది. "మంచిది తమ్ముడూ" అని, మధ్యాహ్నానికి కూలీలందరికీ సరిపడా అన్నం, నెత్తళ్ళ పులుసు పంపింది. నేనూ తిన్నాను. సరుకు లారీ ఎక్కింది. పాటు తీస్తుండగా తూము ఎత్తేశాను. బ్లీచింగు వెయ్యలేదు. వేస్తే ఆ వాసన కాలవ పొడవునా నా గుట్టు చెప్పేస్తుంది.

తర్వాతి పోటుకు అప్ప తన చెరువులోకి నీళ్ళు తోడుకుంది.

ఆమె రొయ్యలు తేలడం మొదలైన పూటే ఆమె గుడ్డ కట్టింది. అందరం వెళ్ళాం. నేనూ ఆమె చెరువులో దిగి వల లాగాను. గట్టు మీద బావ అంటున్నాడు: "నాను సెప్పినానా లేదా? ఆ కొత్త హేచరీ సీడు వద్దన్నానా లేదా? విన్నావేటి?" అప్ప చచ్చిన రొయ్యలు ఏరుతూనే ఉంది. ఆ సీడు ఆమే ఎంచి తెచ్చింది. అప్పుడు నిజానికి నాకు ఒక్క మాట దూరమే ఉంది. వల బరువుగా ఉన్నట్టు తల వంచుకుని లాగాను.

ఆ ఆదివారం చర్చిలో లేచి, దేవుడు నా పంట కాపాడాడని సాక్ష్యం చెప్పాను. పంట కాపాడింది నా మాట నమ్మిన అప్ప. అన్నం పెట్టి మరీ కాపాడింది.

బావ మళ్ళీ గుజరాత్ వెళ్ళాడు. రైలు ఎక్కే ముందు నా దగ్గరకు వచ్చి, "మీ అప్పని సూస్తుండరా బావా. దానికి సేతి సలవ లేదు గానీ మనసు మంచిది" అన్నాడు. ఆ "సేతి సలవ లేదు" అన్న మాట అక్కడితో ఆగలేదు. కాలవ మీద ఎవరి సీడు నాసిగా ఉన్నా "అప్ప సీడు" అనడం మొదలుపెట్టారు. నవ్వుతూనే అనేవారు, ఆమె కూడా నవ్వేది. కానీ ఆ తర్వాత ఆమె ఒక్కసారి కూడా తనంతట తాను సీడు ఎంచుకోలేదు. "నాకు సూపు సాలదు, నువ్వు సూసి సెప్పు తమ్ముడూ" అని ప్రతి పంటకూ నన్ను తీసుకెళ్ళేది. దూరం నుంచే మేఘం చూసి గాలి ఎటు తిరుగుతుందో చెప్పే మనిషి.

ఈ ఏళ్ళన్నిటిలో ఆమె మాకు చేసినది రాస్తే పేజీలు చాలవు. నా భార్యకు డెంగీ వచ్చి ఆసుపత్రిలో పడితే మా పిల్లకు వండిపెట్టి, జడ వేసి బడికి పంపింది ఆమే. తుఫానుకు, నీళ్ళలో గాలి కలిపే నా ఏరేటర్లు కొట్టుకుపోతే తన చెరువులోవి రెండు విప్పించి పంపింది. బావ భుజం పాడైపోయి, ఇంక బోటెక్కనని తిరిగొచ్చినప్పుడు, మొదటి రాత్రి భోజనానికి మమ్మల్నే పిలిచింది. ప్రతిసారీ తిన్నాను, తీసుకున్నాను. ప్రతిసారీ చెప్పడం ఇంకొంచెం కష్టమైంది.

ఇంతకీ ఆ మీటింగు. రొయ్యల తెగుళ్ళ మీద అవగాహన అని మత్స్యశాఖవాళ్ళు పెట్టారు. మాట్లాడటానికి వచ్చిన పెద్దాయన వేరే రాష్ట్రం మనిషి, తెలుగు రాదు. ఆయన ఇంగ్లీషు తెలుగులోకి చెప్పమని నా చేతికి మైకు ఇచ్చారు. తుఫాను షెల్టర్ నేల మీద అందరూ కూర్చున్నారు. అప్ప ముందు వరసలో ఉంది, బావ వెనక గోడకు ఆనుకుని ఉన్నాడు.

ఆయన చెప్పింది ఇది. పశువుల ఆరోగ్యం కోసం దేశాలన్నీ కలిసి పెట్టుకున్న సంస్థ ఒకటుంది. చాలాకాలం కిందట మన దేశం నుంచి బ్రెజిల్‌కు ఓడలో వెళ్తున్న పశువులు దారిలో యూరప్ రేవులో దిగితే, వాటితోపాటు మహామారి కూడా దిగింది. అక్కడి మందలు పడిపోయాయి. ఒక దేశంలో రోగం ఉన్న సంగతి ఇంకో దేశానికి ముందే తెలియాలని అప్పుడు కొన్ని దేశాలు కూడబలుక్కున్నాయి. ఇప్పుడు అందులో సభ్యులు కాని దేశాలే తక్కువ. చిన్న దేశమైనా పెద్ద దేశమైనా ఒకటే ఓటు. సభ్యత్వం తీసుకున్న దేశం ముఖ్యంగా ఒప్పుకోవాల్సింది, తన ఇంట్లో రోగం వస్తే దాచకుండా చెప్పడం. మన రొయ్యల తెల్లమచ్చ కూడా ఆ చెప్పాల్సిన రోగాల్లో ఉంది.

"సెప్పకపోతే ఏటి సేస్తారు? పోలీసుల్ని పంపుతారా?" అని వెనకనుంచి బావ.

నేను అడిగాను. పోలీసులు లేరని ఆయన నవ్వాడు. చెప్పిన దేశం దగ్గర కొన్నాళ్ళు కొనుగోళ్ళు ఆగవచ్చు, నష్టం రావచ్చు. కానీ దాచి దొరికిన దేశం తర్వాత ఆరోగ్యంగా ఉన్నా దాని మాట ఎవరూ నమ్మరు. చెప్పుకోబట్టే ఆ పశువుల మహామారి ఇప్పుడు భూమ్మీద ఎక్కడా లేదు అన్నాడు.

అప్ప మోకాలి మీద చెయ్యేసి లేచింది. "బాబూ, ఇది మన గుడ్డే కదేటి? మన కాలవ కాడ కట్టీదే దేశాలోళ్ళూ కడతన్నారు" అంది. అందరూ నవ్వారు.

"అయితే నువ్వు మన దేశానికి పెసిడెంటువే" అన్నాడు బావ.

"పెసిడెంటుకి ముందు బుద్దుండాల కదా" అంది ఆమె. మళ్ళీ నవ్వులు. కానీ ఆమె కూర్చోలేదు. "కుర్రోళ్ళు కొత్తగా సెరువులేస్తన్నారు, వాళ్ళకి తెలవాల. ఒక ఏడు నా సెరువుకి నానే నా సేతులారా తెగులు తెచ్చీసినాను. సౌకగా వస్తాదని సీడు సరిగా సూడకుండా ఏసీసినాను. మా ఆయన మళ్ళీ గుజరాతెల్లి భుజం పోగొట్టుకున్నాడు. నాను సేసిన తప్పు ఎవలూ సెయ్యకండి" అంది.

పెద్దాయన నా వైపు చూశాడు. ఆమె ఏమంది అని.

నేను ఇంగ్లీషులోకి తిప్పాను. సీడు సరిగ్గా చూసుకోకపోవడం వల్ల తన చెరువుకు తెగులు తానే తెచ్చుకున్నానని ఈమె అంటోంది అని, తప్పు లేకుండా, తడబడకుండా చెప్పాను. రాయడానికి కూర్చున్నది ఈ ఒక్క వాక్యం కోసమే. నా అబద్ధాన్ని ఇన్నేళ్ళూ ఆమె మోసింది. ఆ రోజు దాన్ని నా నోటితో ఆమె పేరు మీద చెప్పాను. ఆ క్షణంలో ధైర్యమేమీ రాలేదు. అది అక్కడితో అయిపోయుంటే నేను కూర్చునేవాణ్ణే.

అయిపోనివ్వలేదు ఆ పెద్దాయన. ఆయన లేచి ఆమెకు నమస్కారం పెట్టాడు. నష్టమైనా నలుగురిలో నిజం చెప్పే ఇలాంటి మనిషి వల్లే ఆ సభ్యత్వానికి అర్థం ఉంది, ఆమెకు నా తరఫున కృతజ్ఞతలు చెప్పండి అని నాతో అన్నాడు.

కృతజ్ఞతలు. మొదటి పంట నాటి నుంచి నేను ఆమెకు చెప్పని మాట అది. అప్ప నా మొహంలోకి చూస్తోంది, ఆయన ఏమన్నాడో నేను చెప్తానని.

"ఏటంటన్నాడు తమ్ముడూ?"

"నీకు దండం పెట్టమన్నారప్పా" అన్నాను. మైకు పక్కన పెట్టడానికి చూశాను, చెయ్యి రాలేదు. అందరికీ వినిపించేలానే చెప్పాను.

"కానీ నువ్వు చెప్పింది తప్పు. నీ సీడు మంచిదే. నీకంటే ముందు నా చెరువుకు వచ్చింది తెల్లమచ్చ. గుడ్డ కట్టలేదు, బ్లీచింగు వెయ్యలేదు, నీళ్ళు వదిలేశాను. నువ్వు పంపిన అన్నం తిని వదిలాను. బావా, నీ భుజం పోయింది అప్ప వల్ల కాదు, నా వల్ల. ఇంక ఎవరూ అప్ప సీడు అనొద్దు. అప్పా, నన్ను క్షమించు."