మూతకంటిన గోంగూర

పేగు ఆపరేషనయ్యాక, పీచున్నవేవీ తినొద్దన్నారు డాక్టరు. పచ్చళ్లు, పొడులు మానేసి అన్నంలోకి ఉప్పు, వడగట్టిన నిమ్మరసంతో సరిపెట్టుకోమన్నారు.

"నువ్వు తినకుండా మేమెట్ల తింటాం? ఇంట్లో పచ్చడే నూరను" అంది మా ఆవిడ. నమ్మాను.

నెల తర్వాత, మార్కాపురం నుంచి గిద్దలూరు పోయే బస్సులో పెరుగన్నం డబ్బా తెరిచాను. కుదుపుకు మూత జారితే పక్క సీటులోని అవ్వ పట్టుకుంది. అంచు కింద ఏదో అంటుకుని ఉంటే వేలితో కాస్త తీసి వాసన చూసింది.

"గోంగూర పచ్చడి. కొత్తగా నూరిందే. ఏంది నాయనా, నీకు ఉత్త పెరుగన్నం కట్టినారు?"

ఆకలి లేదని డబ్బా మూసేశాను.

సాయంత్రం ఇంటికొచ్చాక మా ఆవిడ అడిగింది, "అన్నం చప్పగా ఉండిందా?"

"బాగుండింది" అన్నాను. ఆమె చూస్తుండగానే ఆ మూత నేనే తోమాను.