మాస్టారు చూపించిన అరుంధతి

మా మాస్టారు పోయారని అమ్మ ఫోన్ చేసి చెప్పింది. రాజమండ్రిలో నేను పాఠాలు చెప్పే కాలేజీ వరండాలో నిలబడి విన్నాను. తర్వాత అమ్మ గొంతు తగ్గించింది.

"చెల్లి పెళ్లినాడు ఆయనకి అరుంధతి కనపడలేదంట కదే. వాళ్లావిడగారే చెప్పి ఏడ్చేరు. ఆరు నెలలు తిరగలేదు చూడు."

ఆయన పోయిన బాధ ఒకటి, అమ్మ అన్న ఆ మాట ఇంకొకటి. ఏది ఎక్కువ గుచ్చుతోందో ఇప్పటికీ చెప్పలేను.

అరుంధతి నక్షత్రం కనపడని మనిషి ఆరు నెలల్లో పోతారని మా వైపు పాత నమ్మకం. మాస్టారు తన ఉద్యోగకాలమంతా దానితో పోట్లాడారు. కొత్తపేట దగ్గర మా ఊరి హైస్కూల్లో ఆయన సైన్సు చెప్పేవారు. మా నాన్న చెట్లెక్కి కొబ్బరి దింపులు తీసేవాడు, అమ్మ పీచుతో తాళ్లు పేనేది. మా ఇంట్లో బడి గడప తొక్కిన మొదటి మనిషిని నేనే. నేను ఈరోజు ఫిజిక్స్ చెబుతున్నానంటే అది ఆయన పెట్టిన భిక్షే.

కోనసీమలో పెరట్లోంచి ఆకాశం చూస్తే ముక్కలుముక్కలుగా కనిపిస్తుంది, అన్నీ కొబ్బరాకుల సందులే. అందుకని వేసవిలో చీకటి పడగానే మాస్టారు మమ్మల్ని ఏటిగట్టు మీదికి రమ్మనేవారు. పిల్లలతోపాటు పెద్దవాళ్లూ వచ్చి కూర్చునేవారు. సప్తర్షుల తోకలో చివరినుంచి రెండోది వశిష్ఠుడు. ఆయన్ని ఆనుకుని, ఉందా లేదా అన్నట్టుండే చుక్క అరుంధతి.

"మసగ్గా ఉందని చిన్నచూపు చూడకండి," అనేవారు. "మన సూర్యుడికి రెండింతలు బరువుంటుంది ఆవిడ. వెలుగు పదింతల పైనే. సూర్యుడికన్నా వేడి, అందుకే తెల్లగా ఉంటుంది. ఆ వెలుగు మన గట్టుకి చేరడానికి ఎనభై ఏళ్లు దాటుతుంది. మీ తాతలు గోచీలు పెట్టుకుని తిరిగేనాడు బయల్దేరిందిరా ఇది! మసక ఆవిడది కాదు, దూరానిది."

ఆ చివరి మాట ఆయన నోట ఎన్నిసార్లు విన్నానో! పరీక్ష తప్పిన పిల్లల గురించి కూడా అదే అనేవారు.

ఒకసారి అరుంధతి తన చుట్టూ తాను తిరిగే వేగం గురించి చెప్పారు. సూర్యుడు ఒక చుట్టు తిరగడానికి ఇంచుమించు నెల పడితే, ఆవిడకి ఒక్క రోజు కూడా అక్కర్లేదట.

"ఆడమనిషి అంత గిర్రున తిరుగుతుంటే వశిష్ఠుడు ఎలా వేగుతున్నాడండి మాస్టారూ?" అన్నాడు నాన్న.

"ఇంటెడు చాకిరీ ఉన్నోళ్లు తిరగక ఏం చేస్తారు? ఈయనలాగ చుట్ట కాల్చుకుంటా కూచుంటారా?" అంది అమ్మ. గట్టంతా నవ్వింది. అందరికంటే ఎక్కువ నవ్వింది మాస్టారే.

అదే వేసవిలో, నేను తొమ్మిదో తరగతిలోకి రాబోతున్నప్పుడు, అమ్మకి అరుంధతి కనపడలేదు. పక్కింటి పెళ్లిలో కొత్త జంటకి చూపిస్తుంటే తనూ తలెత్తి చూసింది. వశిష్ఠుడే అలికినట్టున్నాడంది. మర్నాటినుంచి అన్నం సయించలేదు. నన్ను పొయ్యి దగ్గర కూర్చోబెట్టి పులుసులో చింతపండు ఎంత, ఉప్పెంత అని నేర్పడం మొదలుపెట్టింది. "ఇంక బడికెళ్లకే. చెల్లిని చూసుకోవాల్సింది నువ్వే," అంది. బడి తెరిచినా నేను వెళ్లలేదు.

వారం తిరక్కుండా మాస్టారు సైకిలు మీద మా ఇంటికొచ్చారు.

"ఏమ్మా, సూదిలో దారం ఎక్కిస్తున్నావా?"

"అమ్మాయి ఎక్కిస్తాదండి."

"చేపలో ముల్లు కనపడుతోందా?"

"గొంతులో దిగాక తెలుస్తందండి."

"అయితే నీకు రావాల్సింది యముడు కాదమ్మా, కళ్ల డాక్టరు."

"మరి కొన్నాళ్లాగి తీసుకెళ్లండి మాస్టారూ," అన్నాడు నాన్న. "పిల్లకి నేర్పాలని రోజూ చేపల పులుసే పెడతంది."

మాస్టారు అమ్మ చేత్తోనే ఆవిడ కన్ను మూయించి, ఒక్కో కన్నూ విడివిడిగా చూశారు. అమలాపురం తీసుకెళ్లారు. కుడికంట్లో పొర, ఎడమకంటికి అద్దాలు కావాలి అన్నారక్కడ. కుడికంటికి ఆపరేషన్ అయింది. మళ్లీ వేసవికి అమ్మ గట్టు మీద నిలబడి, "ఉందండోయ్! వశిష్ఠుడి పక్కన నలకలాగ ఉంది!" అని అరిచింది. ఈలోపే నేను తిరిగి బడిలో చేరిపోయాను. మాస్టారు ఆ సంగతి ఎవరికీ గొప్పగా చెప్పుకోలేదు. ఊళ్లో ఎవరికైనా అరుంధతి కంటికి ఆనలేదంటే మాత్రం, "కంగారెందుకూ? అమలాపురం బస్సెక్కు," అనేవారు.

ఇంత చెప్పిన మనిషి విషయం ఇలా అయింది.

మొన్న వైశాఖంలో మా చెల్లి పెళ్లి. ముహూర్తం మధ్యాహ్నం. పంతులుగారు షామియానా గుడ్డకేసి వేలు చూపించి, "అదిగో అరుంధతి, కనిపించిందా?" అంటే మా మరిది బుద్ధిగా "ఆయ్" అన్నాడు. మా వైపు అందరూ అనే అబద్ధమే అది. మాస్టారికి గిట్టనిదీ అదే. తన దగ్గర చదివిన పిల్లలెవరికి పెళ్లైనా, చీకటి పడ్డాక జంటని గట్టుమీదికి తీసుకెళ్లి అసలు నక్షత్రాన్ని చూపించేవారు.

ఆ సాయంత్రం కూడా తీసుకెళ్లారు. మేం గట్టెక్కేసరికి ఉత్తరాన మబ్బు కమ్మింది. మాస్టారు వేలెత్తి, "అదిగో వశిష్ఠుడు. పక్కనే చూడండి, సన్నగా," అన్నారు. వేలు సరిగ్గా ఉండాల్సిన చోటే ఉంది. అక్కడ మబ్బు తప్ప ఒక్క చుక్క లేదు.

చెల్లి నా వైపు చూసింది. మరిది, "ఆయ్, కనిపించిందండి," అన్నాడు.

తెల్లవారగానే మాస్టారింటికి వెళ్లాను. అరుగు మీద కూర్చుని ఉన్నారు.

"మాస్టారూ, నిన్న ఉత్తరాన మబ్బుందండి."

"ఉందా?" అన్నారు. తలెత్తి ఉత్తరంకేసి చూసి, "నాకు రోజూ ఉంటోందమ్మా," అన్నారు.

ఆయనకి షుగరుందని నాకు తెలుసు. మందులు గుర్తొచ్చినప్పుడు వేసుకుంటారనీ తెలుసు. కళ్లదాకా వచ్చిందని మాత్రం ఆయన ఇంట్లోవాళ్లకి కూడా చెప్పలేదు.

"ఎవరికీ చెప్పకమ్మా. ఊరు ఆరు నెలలు లెక్కెట్టుకుంటుంది. నేను నిజంగా పోతే, ఇన్నాళ్లూ చెప్పిందంతా పోతుంది."

"మా అమ్మకి మీరేం చెప్పేరండీ? యముడు కాదు, డాక్టరనలేదా?"

"మీ అమ్మకి చెప్పినంత సులువు కాదమ్మా, నాకు నేను చెప్పుకోవడం."

లోపల గుమ్మం దగ్గర ఆయన భార్య నిలబడి ఉండటం అప్పుడు చూశాను. ఆవిడే పట్టుబట్టి ఆ వారంలో ఆయన్ని నాతో రాజమండ్రి పంపించారు. డాక్టరు కళ్లు చూసి, కిడ్నీలకి పరీక్షలు రాశారు. షుగరు రెండింటినీ ఎన్నాళ్లనుంచో కలిపే తినేస్తోందట. ముందే వచ్చి ఉండాల్సిందన్నారు. డాక్టర్లు మామూలుగా అనే మాటే. తిరుగు బస్సులో మాస్టారు నా పక్కన కూర్చుని, "గోదావరి వంతెన వచ్చిందా? నీళ్లు ఎటువైపున్నాయి?" అని అడిగారు. చెప్పాను. వంతెన అయిపోయేదాకా అటే తిరిగి కూర్చున్నారు.

ఆయన ఊరికి భయపడి దాచారా, ఆ నమ్మకానికే లోలోపల ఎక్కడో భయపడ్డారా అన్నది నాకు తెలియదు. రెండోది నిజమైనా ఆయన మీద నా గౌరవం తగ్గదు. చిన్నప్పుడు ఎవరో చెవిలో వేసిన మాట, ఎంత చదివినా ఒక మూల ఉండిపోతుందేమో. నాకు దిగులల్లా ఒకటే. కిడ్నీలు పాడై ఆరు నెలల్లోపే పోయారు. ఆయన భయపడ్డట్టే జరిగింది. పెద్దకర్మకి వెళితే భోజనాల పంక్తిలో అదే మాట. "అందరికీ చూపించేరు, ఆయనకే కనపడలేదు." ఎదురు చెబితే, "చదువుకున్నదానివి, నీకు అలాగే ఉంటుందిలే," అన్నారు.

అంతకన్నా పెద్ద దెబ్బ మా ఇంట్లో తగిలింది. అమ్మ ఎడమకంట్లోకి కూడా పొర వచ్చింది. ఈ నెలలో ఆపరేషన్ అనుకున్నాం. ఇప్పుడు వద్దంటోంది. "మాస్టారికే తప్పలేదు. నాకేం ఆగుద్ది? రాసిపెట్టినంతవరకూ చాల్లే."

పెద్దకర్మ మర్నాడు తెల్లవారుజామున అమ్మ కార్తీక స్నానానికి బయల్దేరితే నేనూ వెళ్లాను. ఏటిగట్టు ఎక్కాక ఆపాను. ఈశాన్యంలో సప్తర్షులు పైకొచ్చి ఉన్నారు.

"కార్తీకమాసంలో సాయంత్రం పూట అరుంధతి ఎవరికీ కనపడదమ్మా. చీకటి పడేసరికి అస్తమించేస్తుంది. ఆ లెక్కన ఊరంతా పోవాలి."

అమ్మ నవ్వలేదు. "ఇప్పుడుందా?" అంది.

"నువ్వే చూడు. మాస్టారు చూపించినట్టు."

అరచెయ్యి ఎడమకంటి మీద పెట్టుకుంది. "ఉంది." చెయ్యి మార్చి కుడికన్ను మూసుకుంది. ఊపిరి బిగబట్టి చాలాసేపు వెతికింది. "లేదు." మళ్లీ మార్చింది. "ఉంది."

అవతల రేవులో ఎవరో దీపాలు వదులుతున్నారు.

"అది అక్కడే ఉంది కదా?" అంది.

"అక్కడే ఉందమ్మా."

"మాస్టారు చూపించినప్పుడూ మబ్బు వెనకాల అక్కడే ఉందా?"

"అక్కడే ఉంది."

పమిట దగ్గరికి లాక్కుని రేవు మెట్లు దిగడం మొదలుపెట్టింది. సగంలో ఆగి, వెనక్కి తిరక్కుండానే, "అమలాపురం డాక్టరు ఏ రోజుల్లో ఉంటాడో కనుక్కో," అంది.

నేను గట్టు మీదే ఉండిపోయాను. అమ్మ మోకాళ్ల లోతు నీళ్లలో నిలబడి, అరటిదొప్పలో దీపం వదిలేసి, ఆ తడిచేత్తో ఒకసారి ఈ కన్నూ ఒకసారి ఆ కన్నూ మూసుకుంటూ, తెల్లవారి చుక్కలన్నీ కరిగిపోయేదాకా పైకి చూస్తూనే ఉంది.